వాడు తీసేసిన మూడు లైన్లు

నాకు మరుపు తక్కువ. పరీక్షల్లో అక్కరకొచ్చిందో లేదో గానీ, కోపాల విషయంలో మాత్రం నా జ్ఞాపకశక్తికి తిరుగులేదు. ఐదో తరగతిలో నా పలక పగలగొట్టిన పిల్ల ఆ రోజు వేసుకున్న గౌను రంగు ఇప్పటికీ చెప్పగలను. "నీకన్నీ మీ అవ్వ పోలికలే. కడుపులో పెట్టుకుంటే కాటికి పోయేదాకా విడువవు" అంటుంది మా అమ్మ. కాబట్టి ఇన్నేళ్లయినా మా పాత ఆఫీసు ఓనరు మేనల్లుణ్ణి నేను క్షమించలేదంటే ఎవరూ నోరెళ్లబెట్టనక్కర్లేదు. క్షమించే ఉద్దేశం కూడా లేదు. కాకపోతే వాణ్ణి తిట్టడం మొదలుపెట్టి సగం దూరం పోయేసరికి నా నోరు తడబడుతుంది. అది ఎందుకో కూడా చెప్పాలి కనుక ఇది రాస్తున్నాను.

రెండువేల ఆరో, ఏడో. అనంతపురంలో టవర్ క్లాక్‌కు దగ్గర్లో గాజుల అంగడి మీద రెండు గదుల ఆఫీసు. ఆరు కంప్యూటర్లు, ఒక ఫోను, కరెంటు పోయినప్పుడల్లా కుయ్యోమనే యూపీఎస్‌లు. ఓనరుది తాడిపత్రి పక్క. బండల పాలిషు ఫ్యాక్టరీ, లారీలు, వాటి వెనక కాస్త రాజకీయం. టౌన్లో మూడు నెట్ సెంటర్లు కూడా ఉండేవి. సాఫ్ట్‌వేరు ఆయన దృష్టిలో బండల వ్యాపారం లాంటిదే. బెంగుళూరు వాళ్లు సైజు చెప్తారు, మనం కోసి పాలిషు పెట్టి పంపుతాం. ఆయన అక్క కొడుకు మాకు లీడు. ఈ మేనల్లుడు నాకంటే మూడేళ్లు చిన్న. అయినా సార్ అనే పిలవాలి. బీటెక్ చేశానని చెప్పుకునేవాడు, కాళ్లు టేబుల్ మీద పెట్టి క్రికెట్ స్కోరు చూసేవాడు. నేను ఎంసీఏ చేసి, రోజూ పామిడి నుంచి బస్సులో వచ్చిపోయేదాన్ని. ఇంకొక మగపిల్లవాడు నా పక్క సీట్లో కోడ్ రాసేవాడు. మిగతా వాళ్లు డేటా ఎంట్రీ.

ఆ ఆఫీసులో ఒక నియమం ఉండేది. బెంగుళూరు నుంచి ఫోన్ వస్తే మేనల్లుడే ఎత్తాలి. మొదటి వారంలో తెలియక నేను ఎత్తాను. ఓనరు లోపలి గదిలోంచి వచ్చి, "ఏమ్మా, ఆడపిల్లలు బెంగుళూరోళ్లతో మాట్లాడేదేంటికి? వాడుండాడు గదా, వానికి చెప్పు, వాడు చెప్తాడు" అన్నాడు. కోపంగా కూడా అనలేదు, మర్యాద నేర్పుతున్నట్టు అన్నాడు. అప్పటినుంచి వాళ్ల ప్రశ్న వాడి నోట్లోంచి నా దగ్గరికి, నా జవాబు వాడి నోట్లోంచి వాళ్ల దగ్గరికి. మధ్యలో సగం కారిపోయేది.

పని ఏమిటంటే, నక్క బొమ్మ ఉండే బ్రౌజరుకు ఒక ఎక్స్‌టెన్షన్ రాయడం. అంటే బ్రౌజరుకు మనం తగిలించే అదనపు పనిముట్టు. బెంగుళూరు కంపెనీకి ఒక వెబ్‌సైటు ఉంది. పిల్లలు కాలేజీలకు, పరీక్షలకు దాంట్లో దరఖాస్తులు పెట్టుకుంటారు. నెట్ సెంటరుకు వచ్చిన పిల్లలు ఒక్కసారి పేరు, తండ్రి పేరు, ఇంటి అడ్రసు, ఫోన్ నంబరు, చదువు వివరాలు ఇస్తే చాలు. మా ఎక్స్‌టెన్షన్ వాటిని ఆ కంప్యూటర్లోనే దాచిపెడుతుంది. ఎన్ని దరఖాస్తులు పెట్టినా ఆ వెబ్‌సైటు అడగ్గానే వివరాలు ఇచ్చి తానే నింపేస్తుంది. ఎండలో ఇరవై మైళ్లు బస్సులో నిలబడి వచ్చిన పిల్లకు మళ్లీ మళ్లీ టైపు చేసే బాధ తప్పుతుంది. నాకు ఆ ఆలోచన నచ్చింది.

చిక్కు ఒక్కటే. వెబ్‌పేజీ ఒక లోకం, ఎక్స్‌టెన్షన్ ఇంకో లోకం. పేజీ అన్నది బయటి మనిషి, ఎక్కడినుంచో వస్తుంది. ఎక్స్‌టెన్షన్ ఇంటి మనిషి, పెట్టె తాళాలు దాని దగ్గర ఉంటాయి. ఇద్దరూ నేరుగా మాట్లాడుకోవడానికి బ్రౌజరు ఒప్పుకోదు. మేనల్లుడు వారం రోజులు ఇంటర్నెట్‌లో వెతికినట్టు నటించి, "కాదంటమ్మా ఇది, చెప్పేస్తాం వాళ్లకు" అన్నాడు. నాకు మాత్రం ఇది ఎక్కడో చూసిన వ్యవహారంలాగే అనిపించింది. బస్సులో కిటికీ పక్కన కూర్చుని ఆలోచిస్తే గుర్తొచ్చింది. మా ఇంట్లోనే చూశాను.

మా అవ్వకూ, ఆమె తోడికోడలు మా చిన్నవ్వకూ పదకొండేళ్లు మాటల్లేవు. ఎవరి పెళ్లిలోనో చిన్నవ్వ కూతుర్ని మొదటి బంతిలో కూర్చోబెట్టలేదని మొదలైంది. ఇద్దరి ఇళ్లకూ వాకిలి ఒక్కటే. భాగాలు పంచుకున్నప్పుడు భూమి పంచుకున్నారు, చెంబులు పంచుకున్నారు, ఉన్న ఒక్క ఎనుమును, అంటే గేదెను, మాత్రం పంచుకోలేకపోయారు. అది వాకిట్లో నడుమ కట్టి ఉండేది. ఒక రోజు పాలు మాకు, ఒక రోజు వాళ్లకు. చెప్పుకోవాల్సింది ఏమైనా ఉంటే ఇద్దరూ ఆ ఎనుముకే చెప్పేవాళ్లు.

"ఏమే ఎనుమా, కండ్లు కనపడవా నీకు? ఆ బోకులు కడిగిన నీళ్లన్నీ నా వాకిట్లోకి వదుల్తాండావే" అనేది అవ్వ, గడ్డి వేస్తూ.

చిన్నవ్వ చేట చేతిలో పట్టుకుని బయటికి వచ్చేది. "ఓ ఎనుమా, నీళ్లకు మనమేమన్నా దోవ చెప్తామా? పల్లం యాడుంటే ఆడికి పోతాయి అని చెప్పు."

ఎనుము నెమరు వేస్తూ ఉండేది. ఎవరి మాట ఎవరికో దానికి పట్టదు. మాట మాత్రం చేరేది. తిట్లే కాదు, అవసరమైన కబుర్లన్నీ అలాగే నడిచేవి. విత్తనాలు వచ్చాయని, పిల్లవాడికి జ్వరమని. అవ్వ సొంత అన్న పోయినప్పుడు కబురు ముందు చిన్నవ్వకు తెలిసింది. ఆమె వచ్చి ఎనుము మెడ పట్టుకుని, "నీ అన్న పోయినాడంటనే" అని ఏడ్చింది. అవ్వ లోపల వంటింట్లో కూలబడిపోయింది.

ఒకసారి మా చిన్నాయన, వట్టి కొంటె మనిషి, గడ్డివామి వెనక దాక్కుని చిన్నవ్వ గొంతుతో ఎనుమును అడిగాడు, "ఈ ఇంటి పెద్దకోడలు తన పుట్టింటికి ఏం మూటగట్టి పంపిస్తాందే?" అని. అవ్వ ముందూ వెనకా చూడకుండా పప్పు ఎంత, బెల్లం ఎంత అన్నీ ఏకరువు పెట్టింది. వీధంతా నవ్వింది. ఆ రోజునుంచి అవ్వ ఎనుము దగ్గర మాట వినబడితే వెంటనే జవాబు చెప్పేది కాదు. ముందు తల తిప్పి ఎవరన్నారో చూసేది. చిన్నవ్వ అయితేనే చెప్పేది.

నేను రాసింది అదే. పేజీలో కంటికి కనిపించని ఒక ఖాళీ ట్యాగు, కోడ్‌లో చిన్న అర లాంటిది, పెట్టించాను. దానికి ఎనుము అనే పేరు పెట్టాను. పేజీకి ఏదైనా కావాలంటే ఆ ట్యాగు మీద రాసి ఒక కేక వేస్తుంది. బ్రౌజరు భాషలో ఆ కేకను ఈవెంటు అంటారు. అటుపక్క నా ఎక్స్‌టెన్షన్ ఆ కేక కోసం చెవి ఒగ్గి కూర్చుంటుంది. వినగానే పెట్టె తెరిచి, పిల్ల వివరాలు తీసి, జవాబు అదే ట్యాగు మీద రాసి తనూ ఒక కేక వేస్తుంది. ఇక జవాబు చెప్పేముందు తల తిప్పి చూసే పని మూడు లైన్లు చేసేవి. కేక వేసిన పేజీ ఏ వెబ్‌సైటుది? బెంగుళూరు వాళ్లదైతేనే పెట్టె తెరువు. కాకపోతే గమ్మున ఉండు.

మొదటిసారి అది పనిచేసిన మధ్యాహ్నం ఎవరికీ చెప్పకుండా కిందికి దిగి, గాజుల అంగడి ముందు నిలబడి ఒక సోడా తాగాను. అంత సంతోషం నాకు ఎంసీఏ పాసైనప్పుడు కూడా కలగలేదు.

తర్వాత ఒక తప్పు బయటపడింది. అది నాదే. పేజీ తెరుచుకున్న ప్రతిసారీ కొత్తగా ఒక చెవి తగిలించుకుంటూ పోయాను, పాతది తీయలేదు. ఒక కేకకు రెండు చెవులు, మూడు చెవులు పలికేవి. నెట్ సెంటర్లో ఒక పిల్లవాడి దరఖాస్తు రెండుసార్లు పోయింది. మేనల్లుడు ఫోన్ పెట్టి నా దగ్గరికి వచ్చి, "అదేందో రెండు తూర్లు మోగుతాందంటమ్మా, చూడు" అన్నాడు. వాడికి తెలిసింది అంతే. నేను ఒక రోజు కూర్చుని, పేజీ మూసుకునేటప్పుడు చెవి తీసేసేటట్టు సరిచేశాను. మర్నాడు వాడు బెంగుళూరు కంపెనీ పెద్ద మేడంతో ఫోన్లో, "అది నేను ముందే గమనించినా మేడం" అంటుంటే నా చెవులారా విన్నాను. అప్పుడు కూడా ఊరుకున్నాను. ఎందుకంటే ప్రతి ఎక్స్‌టెన్షన్‌లోనూ ఒక చిన్న ఫైలు ఉంటుంది. దాంట్లో ఒక లైను, దీన్ని రాసింది ఎవరు అని. దాంట్లో నా పేరు ఉంది. పూర్తి పేరు, ఇంటిపేరుతో సహా. ఎవడేం కూసినా ఆ లైను ఉంటుందిలే అనుకునేదాన్ని.

బెంగుళూరు మేడం ఒక మాట చెప్పిందని ఓనరే అందరికీ వినిపించాడు. ఈ కబుర్లు అందించే భాగం ఎవరు రాశారో వాళ్లను తమ ఆఫీసులోకే తీసుకుంటారట. నెల రోజుల్లో తానే వచ్చి చూస్తుందట. ఆ రోజు బస్సులో పామిడి ఎప్పుడొచ్చిందో నాకు తెలియలేదు. ఇంటికి పోయి నాయనకు చెప్పాను. "నీ పేరుతోనే వస్తాదా ఆ ఉద్యోగం కాగితం?" అని అడిగాడు. నా పేరుతోనే నాయనా అన్నాను.

మేనల్లుడు ఆఖరి కాపీ తయారుచేసి నెట్ సెంటర్లలో వేయించాడు. నేను అలవాటు కొద్దీ దాన్ని విప్పి చూశాను. రాసింది ఎవరు అన్న లైన్లో వాడి పేరు ఉంది.

ఇంకా ఏం మార్చాడో అని కోడ్‌లో కిందికి పోయాను. పెద్దగా ఏమీ మార్చలేదు, మార్చడానికి అర్థమైతే కదా. ఎనుమును కూడా ముట్టుకోలేదు. కానీ తల తిప్పి చూసే మూడు లైన్లు లేవు. ఎందుకు తీశాడో నాకు వెంటనే తెలిసిపోయింది. మాకు నెట్ పోవడం మామూలు. మేడం వచ్చిన రోజు నెట్ లేకపోయినా డెమో నడవాలని వాడు పేజీని తన కంప్యూటర్లోనే పెట్టుకున్నాడు. అది ఏ వెబ్‌సైటుదీ కాదు కనుక నా మూడు లైన్లు దాన్ని వాకిట్లోకి రానివ్వలేదు. వాడికి అడ్డం వచ్చిన గోడను వాడు కూలదోశాడు. ఇప్పుడు ప్రపంచంలో ఏ పేజీ వచ్చి కేక వేసినా పెట్టె తెరుచుకుంటుంది. మూడు సెంటర్లలో పిల్లలు నింపిన వివరాలన్నీ అడిగినవాడికి అడిగినట్టు.

నేను లేచాను. వాడికి చెబుదామనే లేచాను, ఈ మాట నమ్మినా నమ్మకపోయినా నిజం. దగ్గరికి పోయేసరికి వాడు ఫోన్లో ఉన్నాడు. "అంతా నేనే రాసినా మేడం. రెండు నెల్లు నిద్రలేదు" అంటున్నాడు. నన్ను చూసి, ఆగు అన్నట్టు చెయ్యి ఊపాడు. ఈగను తోలినట్టు.

వెనక్కి వచ్చి కూర్చున్నాను. ఇక చెప్పలేదు. వాడికి చెప్పలేదు, ఓనరుకు చెప్పలేదు, ఎవరికీ చెప్పలేదు. మేడం రావడానికి ఇంకా ఇరవై నాలుగు రోజులు ఉన్నాయి. ఇరవై నాలుగు రోజులు ఆ మాటను కడుపులో పెట్టుకుని పెంచాను. రోజూ పొద్దున బస్సు ఎక్కగానే దాన్ని తీసి చూసుకునేదాన్ని. అన్నం రుచిగా ఉండేది. మేనల్లుడు ఏదైనా అడిగితే నవ్వుతూ చేసిపెట్టేదాన్ని. "ఈ మధ్య నువ్వు మారినావమ్మా, ముందట్లా ముఖం ముడుచుకునుండవు" అని వాడే మెచ్చుకున్నాడు.

నేనొక పేజీ తయారుచేశాను. ఉచితంగా చోటిచ్చే వెబ్‌సైట్లో పెట్టాను. పైకి చూస్తే వానల గురించి నాలుగు మాటలు, ఒక మబ్బు బొమ్మ. లోపల చిన్నాయన గడ్డివామి వెనక చేసిన పనే. ఎనుము పేరు పెట్టి కేక వేసి, దాచిందంతా చెప్పమంటుంది. వచ్చింది వచ్చినట్టు తెర మీద పరుస్తుంది.

పనిచేస్తుందో లేదో చూడటానికి ఓనరు నెట్ సెంటరుకు పోయాను, ఏదో ట్రయల్ అని చెప్పి. మూలన ఉన్న కొత్త కంప్యూటర్లో పేజీ తెరిచాను. జలజలా రాలాయి. అన్నిటికంటే పైన ఏముందో తెలుసా? మేనల్లుడి దరఖాస్తు. బీటెక్ సప్లిమెంటరీ పరీక్షకు. ఐదు సబ్జెక్టులు బాకీ, అందులో రెండు కంప్యూటరువే. మామకు తెలియకుండా మామ సెంటర్లోనే కట్టుకున్నాడు. నాకు దేవుడి మీద నమ్మకం కుదిరిన క్షణాలు జీవితంలో తక్కువ. అది ఒకటి.

దాని కింద పిల్లల వివరాలు ఉన్నాయి. చాలా ఉన్నాయి. పేర్లు, తండ్రుల పేర్లు, ఊళ్లు, నంబర్లు. నేను వాటిని చూడలేదు. కళ్లు చూశాయి, నేను చూడలేదు. కంప్యూటరు ఆపేసి బస్సెక్కాను.

మేడం వచ్చిన రోజు ఓనరు తెల్లబట్టలు ఇస్త్రీ చేయించి వేసుకున్నాడు. డెమోకు మంచి కంప్యూటరు ఉండాలని నెట్ సెంటర్లోని ఆ కొత్తదాన్నే మోయించుకుని వచ్చి మా గదిలో పెట్టించాడు. అసలు డేటా కూడా ఉంది కదా, పెద్దగా కనబడుతుంది అన్నాడు. నేను సలహా ఇవ్వాల్సిన పని కూడా లేకపోయింది.

మేడం యాభై దాటిన మనిషి, కాటన్ చీర, కన్నడ యాస తెలుగు. మేనల్లుడు టై కట్టుకుని డెమో మొదలుపెట్టాడు. నేనూ పక్క సీటు వాడూ వెనక గోడకు ఆనుకుని నిలబడ్డాం. దరఖాస్తు నింపడం చూపించాడు, బాగా జరిగింది. మేడం కోడ్ తెరవమంది. చదువుతూ ఒక చోట ఆగింది.

"ఇదేం పేరు? ఎనుము అంటే మా కన్నడంలో ఎమ్మెనా?"

"అవును మేడం, ఎనుమే."

"ఎందుకు ఆ పేరు పెట్టినారు?"

వాడు నా వైపు చూశాడు. నేను ఫ్యాను వైపు చూశాను. "ఊరికే మేడం" అన్నాడు.

మేడం ఇంకో రెండు పేజీలు చదివి, "బయట ఏదైనా సైటు తెరవండి, అప్పుడు ఎలా ఉంటుందో చూస్తాను" అంది. ఆ మాట కోసమే నేను ఇరవై నాలుగు రోజులు తిన్నాను, పడుకున్నాను. గోడ వదిలి ముందుకు వచ్చాను. ఓనరు కనుబొమలు పైకి లేచాయి. మొదటి వారంలో ఎత్తిన ఆ ఫోను తర్వాత, ఆ ఆఫీసులో బయటివాళ్లతో నేను నేరుగా మాట్లాడబోతున్నది అదే మొదటిసారి.

"మేడం, ఈ అడ్రసు కొట్టి చూడండి" అన్నాను. చెప్పాను. ఆమే టైపు చేసింది.

మబ్బు బొమ్మ వచ్చింది. దాని కింద మేనల్లుడి పేరు, ఇంటిపేరు, తండ్రి పేరు, సప్లిమెంటరీ, ఐదు సబ్జెక్టులు. ఓనరు దగ్గరికి వచ్చి, వంగి, పెదాలు కదిపి చదువుకున్నాడు. "ఏమిరా ఇది? పాసైనానని స్వీట్లు పంచితివి గదరా?" అన్నాడు. వాడి మెడ దగ్గర టై ముడి కిందికీ మీదికీ ఆడింది. చెమట కారి చొక్కా కాలరు తడిసింది. అబద్ధం చెప్పను, ఆ నిమిషం నేను తిన్న ఏ విందుకూ తీసిపోదు. ఇప్పటికీ అప్పుడప్పుడు తీసి చప్పరిస్తుంటాను.

మేడం మాత్రం వాణ్ణి చూడటం లేదు. మౌసుతో కిందికి జరుపుతోంది. పిల్లల పేర్లు ఒకదాని కింద ఒకటి పోతున్నాయి. "ఇదెట్లా వచ్చింది? మా సైటు కాదే ఇది. ఎవరు అడిగినా ఇస్తుందా?" అంది. గొంతు మారింది.

అప్పుడు మేనల్లుడు నోరు తెరిచాడు. "నాకేం తెలీదు మేడం. ఇదంతా ఆమె రాసిందే. ప్రతి లైనూ ఆమెదే, కావాలంటే వీళ్లందర్నీ అడగండి. నేను ఉత్త పేరు పెట్టినా అంతే."

ఇన్నాళ్లూ నేను వినాలని చచ్చిన మాట. ఎవరామె అని మేడం అడక్కముందే నా ఇంటిపేరుతో సహా చెప్పాడు. ఓనరు కూడా తలూపాడు, "అవు మేడం, ఈ పాపదే పనంతా." ఒక్క నిమిషంలో ఆఫీసంతా నాకు సాక్ష్యం పలికింది.

"కాదు మేడం, నేను మూడు లైన్లు పెట్టాను. ఈయన తీసేశాడు" అన్నాను. నా పాత కాపీ తెరిచి చూపించాను. ఆమె రెండూ పక్కపక్కన పెట్టి చూసింది. అర్థమైంది ఆమెకు. నా వైపు తిరిగింది, ఆ చూపులో కాస్త మెచ్చుకోలు కూడా ఉందనిపించింది. తర్వాత అడిగింది.

"ఆ లైన్లు లేవని నీకు ఎప్పుడు తెలిసింది?"

ఇప్పుడే అని చెప్పి తప్పించుకోవచ్చు. కానీ నా పేజీ అప్పటికే తెర మీద ఉంది. "ఇరవై నాలుగు రోజులైంది" అన్నాను.

"ఇరవై నాలుగు రోజులు ఈ ఆడపిల్లల నంబర్లు ఇట్లా బయట పెట్టి, నువ్వు నా కోసం కాచుకుని కూర్చున్నావా?"

జవాబు చెప్పబోతూ పక్కకు చూశాను. పక్క సీటు వాడు తెర వైపు మెడ చాపి, బాల్‌పెన్నుతో అరచేతిలో ఏదో రాసుకుంటున్నాడు. మేడం మౌసు ఆగిన చోట ఒక పేరు ఉంది. డిగ్రీ రెండో సంవత్సరం, ధర్మవరం దగ్గర ఏదో పల్లె, తండ్రి సెల్లు నంబరు. నేను పరుగున పోయి తెర ఆపేశాను. వాడు చెయ్యి మూసుకుని జేబులో పెట్టుకున్నాడు.

మేడం ఆ మధ్యాహ్నమే బెంగుళూరు వెళ్లిపోయింది. కాంట్రాక్టు పోయింది. పోతూ ఆ సెంటర్ల నుంచి అన్నీ తీసేయించింది. మేనల్లుణ్ణి ఓనరు ఫ్యాక్టరీకి పంపాడు, లారీలు లెక్కబెట్టడానికి. నాకు ఆ సాయంత్రం "రేపట్నుంచి రావద్దులేమ్మా" అని చెప్పారు. వాడిమీద నా పగ తీరిందా అంటే, తీరింది. అయినా వాడు గుర్తొస్తే ఈ రోజుకీ పళ్లు కొరుకుతాను. మూడు లైన్లు తీసింది వాడు. పేరు దొంగిలించింది వాడు. ఆ పిల్ల నంబరు తెర మీదికి తెచ్చింది మాత్రం వాడు కాదు.

ఆ నంబరు నాకూ గుర్తుండిపోయింది. చెప్పాను కదా, నాకు మరుపు తక్కువ. రెండో రోజు పామిడిలో బస్టాండు పక్కన ఎస్టీడీ బూతులోకి పోయి ఫోన్ చేశాను. తండ్రి ఎత్తాడు.

"ఎవురు?"

మీ అమ్మాయితో మాట్లాడాలి అన్నాను.

"ఎవురమ్మా నువ్వు? నిన్నట్నుంచి ఎవుడో నా సెల్లుకు ఫోన్ చేసి మా పాపను అడుగుతాండాడు. పేరు పెట్టి అడుగుతాండాడు, ఏ కాలేజో చెప్తాండాడు. అదేమో నాకు తెలీదని ఏడుస్తాది. తెలీకుండా నా నంబరు వానికెట్లా పోతాదమ్మా? కాలేజీ వద్దు ఏమొద్దు, పోయి తోలుకొచ్చేస్తాండా రేపు."

"అన్నా, ఆయమ్మి తప్పేం లేదు. వివరాలు వేరే దోవలో బయటికి పోయినాయి. నిజంగా ఆ పాపకేం తెలీదు."

ఆయన గొంతు కొంచెం దిగింది. నమ్మాలని ఉన్న మనిషి గొంతులా వినిపించింది నాకు.

"ఆ మాట చెప్పేదానికి నువ్వెవురు? నీకెట్లా తెలుసు? నీ పేరు చెప్పమ్మా, ఊరు చెప్పు. నమ్ముతా. రేపు పోను."

బూతు అద్దం అవతల అనంతపురం బస్సు దిగుతున్న వాళ్లలో సగం మంది మా నాయన ఎరిగినవాళ్లు. అన్ని నెలలు ఒక్క లైన్లో నా పేరు ఉండాలని ఏడ్చాను. ఇప్పుడొక మనిషి దాన్ని అడుగుతున్నాడు. చెప్తే చాలంటున్నాడు.

"పేరు చెప్పమ్మా" అన్నాడు మళ్లీ.

నేను రిసీవరు పెట్టేశాను.